కడగని చేతులు

గూళూరు హోబళి పల్లెల్లో హేమావతి చేతులు కడుక్కునే తీరు తెలియని ఇల్లు లేదు. పట్టుపురుగుల ఇంట్లోకి పోయే ముందు చేతులు అందరూ కడుక్కుంటారు, అందులో వింతేమీ లేదు. ఈమె మాత్రం మోచేతుల దాకా మూడుసార్లు రుద్దుతుంది. సున్నపు నీళ్ళతో ఒకసారి, సబ్బుతో ఒకసారి, ఉత్త నీళ్ళతో ఒకసారి. తరవాత వేళ్ళు ముక్కు దగ్గర పెట్టుకుని వాసన చూస్తుంది. తృప్తి కలగకపోతే మళ్ళీ మొదటికొస్తుంది. ఊరందరిదీ ఒక దారి, ఉలిపికట్టెది ఒక దారి అని ఆడవాళ్ళు ముసిముసిగా నవ్వుకుంటారు. అలా నవ్వినవాళ్ళే తమ పురుగులు కాస్త మెత్తబడితే చాలు, ఈమె వాకిట్లోకి పరుగెత్తుకొస్తారు. కాపురానికొచ్చిన ఇన్నేళ్ళలో ఆమె చేతి మీద ఒక్క పంట పోలేదు మరి.

ఊరు దానికి చేతిగుణమని పేరు పెట్టింది. భర్త నరసింహప్ప, నీ చేతుల్లో గీతలన్నీ అరిగిపోయినాయి, ఇంక ఏ జోస్యుడూ నీకేమీ చెప్పలేడు పో అని ఎగతాళి చేస్తుంటాడు. ఆమె కూడా నవ్వేస్తుంది. అది గుణం కాదు, భయం. ఆ భయానికి ఒక మనిషి పేరుంది, ఒక నీలం చొక్కా ఉంది, ఇంటి నుంచి వెళ్ళగొట్టబడిన ఒక ఆడమనిషి ఉంది. ఈ సంగతి తనకు తప్ప భూమ్మీద ఇంకెవరికీ తెలియదని ఆమె గట్టి నమ్మకం.

మొన్న శ్రావణంలో షెడ్డు కాగితాల పని మీద చిక్కబళ్ళాపురలో రేష్మె ఇలాఖె అనే పట్టు శాఖ ఆఫీసుకు పోయింది. పని చూసుకుని బస్టాండుకు నడుస్తుంటే సర్కిల్ దగ్గర కరెంటు స్తంభానికి కట్టిన ఒక ఫ్లెక్సు కనిపించింది. రెండు పక్కలా దీపాల బొమ్మలు, పైన కన్నడంలో భావపూర్ణ శ్రద్ధాంజలి, నడుమ కళ్ళద్దాల మనిషి. బట్టతల, నెరిసిన మీసం. ఎవరో పాపం అనుకుని దాటిపోయేదే. కింద పేరు చదివింది. అమరనాథ్, ద్రాక్ష రైతు. ఆ కింద ఊరి పేరు కూడా చదివింది. మనిషిని గుర్తుపట్టలేకపోయింది, పేరును గుర్తుపట్టింది.

ఎంతసేపు నిలబడిందో తెలియదు. ఆటోవాడు హారన్ కొట్టి కన్నడంలో విసుక్కుంటే పక్కకు జరిగింది. ఏడుపు రాలేదు. ఏడవాలంటే ఆయన తనకేమవుతాడు? బస్సెక్కి ఇంటికొచ్చి, చీర మార్చుకుని, మూడుసార్లు చేతులు కడుక్కుని ఆకు వేయడానికి పోయింది. అప్పుడు వచ్చింది ఆ వాసన.

ద్రాక్షతోటకు కొట్టే పురుగుమందు వాసన అది. ఘాటుగా, గొంతులో చేదుగా. తమ మల్బరీ ఆకులోంచే వస్తున్నట్టనిపించి మోపంతా తీసి ఆవుల ముందు వేయించింది. రెండో మోపు తెప్పించింది, దాంట్లోనూ అదే వాసన. నరసింహప్ప ఆకు నలిపి చూశాడు, నమిలి కూడా చూశాడు. పచ్చి ఆకు వాసన తప్ప ఏమీ లేదన్నాడు. మర్నాడు కూడా అంతే. మూడోనాడు పురుగుల ఇంటి గడప దగ్గరికి వచ్చేసరికి ఆమె కాళ్ళు కదలలేదు.

అది మామూలు సమయమైతే సరిపోయేది. పట్టుపురుగు పెరిగే కాలంలో నాలుగుసార్లు తిండి మాని, తల పైకెత్తి, కదలకుండా పడుకుంటుంది. దాన్ని జ్వరమంటారు. నాలుగో జ్వరం నుంచి లేచాక ఇక ఆకలే ఆకలి. ఆ ఏడెనిమిది రోజులు ఎంత ఆకు వేసినా చాలదు, ఒక్క పూట తప్పినా గూడు పలచబడుతుంది. సరిగ్గా అప్పుడు ఇంటి ఇల్లాలు, హోబళికంతా చేతిగుణం గల మనిషి, లోపలికి పోలేక అరుగు మీద కూర్చుండిపోయింది.

నరసింహప్ప కోప్పడలేదు. ఆయనే కొమ్మలు మోసి, ఆయనే పరిచి, సాయంత్రం వచ్చి పక్కన కూర్చున్నాడు. ఆయన ఎగతాళి మనిషే గాని మందమతి కాదు. చిక్కబళ్ళాపుర పోయి వచ్చినప్పటి నుంచే ఇలా ఉందని లెక్క కట్టుకున్నాడు.

"ఏమో ఉండాది నీ మనసులో," అన్నాడు. "నాకు చెప్పేది కాకుంటే పోనీలే. ఎవురికి చెప్పల్లో వాళ్ళకు పోయి చెప్పిరా. పురుగుల్ని నేను చూసుకుంటా."

ఎవరికి చెప్పాలో ఆమెకు తెలుసు. ఇరవై ఎనిమిదేళ్ళుగా తెలుసు.

హేమావతి పుట్టిల్లు నంది కొండ దిగువన, చిక్కబళ్ళాపురకు నాలుగు మైళ్ళలో. తండ్రి పిళ్ళప్పకు మల్బరీ తోట, ఏడాదికి ఐదారు పంటల పురుగులు. అన్న పురుషోత్తమ్‌కు పెళ్ళై ఎనిమిది నెలలు. వదిన మునిరత్నమ్మ చింతామణి పిల్ల, ఇరవై రెండేళ్ళది, ఆడబిడ్డ కంటే రెండేళ్ళే పెద్ద. హేమావతి అప్పట్లో టౌనులో కుట్టు నేర్చుకోవడానికి రోజూ బస్సులో పోయేది. దారిలో ద్రాక్షతోట దగ్గర గంపలతో ఎక్కేవాడు అమరనాథ్. మాట తక్కువ, నవ్వు ఎక్కువ. కన్నడ పేపరులో చుట్టి ఒక చిన్న గుత్తి ఆమె సంచిలో వేసేవాడు. ఎండ తగలని పక్క కాసే చిన్న గుత్తే ఎక్కువ తీపి అని చెప్పేవాడు. అది శుద్ధ అబద్ధమని ఆమెకు చాలా ఏళ్ళకు తెలిసింది. తెలిసినా ఇప్పటికీ సంతలో చిన్న గుత్తే ఏరుకుంటుంది.

బస్సు మాటలు తోట దాకా పోయాయి. వారానికొకసారి కుట్టు క్లాసు ముగిశాక తోటలో మోటారు గది దగ్గర పావుగంట. అంతే. ఏడాది పాటు అంతే. అంతకంటే ఏమైనా జరిగి ఉంటే మరచిపోవడం సులభమయ్యేదేమో.

ఆ రోజు ఆమె ఏడుస్తూ పోయింది. గూళూరు వైపు నుంచి సంబంధం వచ్చిందని, నాన్నకు నచ్చిందని చెప్పడానికి పోయింది. అమరనాథ్ తోటకు మందు కొడుతున్నాడు. వీపు మీద డబ్బా దించి, తడిసిన నీలం చొక్కాతోనే వచ్చి ఎదురుగా నిలబడ్డాడు. మీ ఇంటికి వచ్చి అడుగుతానన్నాడు. వద్దు, వాళ్ళు మీ కులం చూస్తారు, నన్ను నరికేస్తారని ఆమె అంది. ఆయన ఆమె రెండు చేతులూ పట్టుకున్నాడు. తరవాత దగ్గరికి తీసుకున్నాడు. మొదటిసారి, చివరిసారి. ఆమె ముఖం ఆ చొక్కాలో, చేతులు ఆ చేతుల్లో. మందు వాసన ముక్కులకు కొట్టింది. అప్పుడది ఆమెకు అత్తరు కంటే బాగుండింది.

ఇంటికొచ్చేసరికి పురుగులకు ఆకు వేసే వేళ దాటుతోంది. తల్లి లోపలి నుంచి కేకలేస్తోంది. వాకిలి పక్కన నీళ్ళ కుండ ఉంది. హేమావతి కుండ దగ్గర వంగింది కూడా. కానీ ఆ చేతుల్లో ఇంకా ఆయన వెచ్చదనం ఉంది. కడిగితే పోతుంది. ఈ ఒక్క పూట ఉండనీ అనుకుంది. కాళ్ళ మీద మాత్రం నీళ్ళు పోసుకుని లోపలికి పోయి, ఆ చేతులతోనే తట్ట తట్టకూ ఆకు వేసింది.

తెల్లారేసరికి పురుగులు తలలు ఊపుతున్నాయి. ఆకుపచ్చ రసం కక్కుకుంటూ, ముడుచుకుపోతూ, మధ్యాహ్నానికి తట్టల నిండా నల్లబడ్డాయి. పిళ్ళప్ప చూసి, ఇది మందు దెబ్బలాగుంది అన్నాడు. అని చుట్టూ చూశాడు. చుట్టూ రెండు మైళ్ళు తమదీ తమ దాయాదులదీ మల్బరీయే. మందు ఎక్కడి నుంచి వస్తుంది? అప్పుడు తల్లి బయటపెట్టింది, కోడలు నిన్నటి నుంచి ముట్టు అని. ముట్టుతో లోపలికి పోయిందన్నమాట. ఇక వేరే కారణం వెతకాల్సిన పని ఎవరికీ కనపడలేదు.

తాను పొద్దున్నే ఆకు వేసి బయటికొచ్చేశానని, ముట్టు వచ్చింది పొద్దుగూకినాక అని మునిరత్నమ్మ ఒట్టు వేసింది. అత్త మాట ముందు కోడలి ఒట్టు నిలిచే ఇల్లు ఆ రోజుల్లో ఎక్కడుంది? గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకున్నట్టు హేమావతి చేతులు పైట కింద దాచుకుంది. ఆమె వైపు ఎవరూ చూడనేలేదు. కుట్టు క్లాసుకు పోయొచ్చే పిల్ల మీద ఎవరికి అనుమానం?

ఆరోనాడు మునిరత్నమ్మను పుట్టింటికి పంపారు. ఒక పంట బాగా వచ్చాక పిలిపిస్తామన్నారు. సంచి మోసుకుని బస్సు దాకా పోయింది హేమావతే. బస్సు ఎక్కబోతూ వదిన ఆమె చెయ్యి పట్టుకుంది. నువ్వైనా మీ అన్నకు చెప్పు హేమా, నేను పోలేదు అంది. చెప్తా వదినా అని హేమావతి మాటిచ్చింది. రేపు చెబుదామనుకుంది. రేపు కాదు, అన్న ఒంటరిగా దొరికినప్పుడు అనుకుంది. రెండు నెలల్లో తన పెళ్ళైపోయింది. రెండేళ్ళకు అన్న రెండో పెళ్ళి జరిగింది. ఆడబిడ్డగా వాకిట్లో అడ్డం నిలబడి, మొగుని పేరు చెప్తేనే లోపలికి రానిస్తానని కొత్త వదినను ఆటపట్టించాల్సింది కూడా ఆమే. అందరూ నవ్వుతుంటే ఆమె కూడా నవ్వింది.

అమరనాథ్ రాలేదు. వచ్చి అడుగుతానన్నవాడు రాలేదు. ఆమె ఆ బస్సెక్కడం మానేసింది, అయినా తాళి కట్టించుకునే రోజు దాకా వాకిలి వైపు చూస్తూనే ఉంది. పిరికివాడనుకుంది. తానొక్కతే పిరికిది కాదులే అని ఆ మాటతో కొంత ఓదార్పు కూడా పొందింది. నిజం చెప్పాలంటే ఇన్నేళ్ళూ ఆమెను నిలబెట్టింది ఆ ఓదార్పే.

అడుసు తొక్కనేల, కాలు కడగనేల అన్నారు పెద్దలు. బాగానే అన్నారు. తొక్కేసినవాళ్ళు ఏం చేయాలో మాత్రం చెప్పలేదు. ఆ నీలం చొక్కా జ్ఞాపకం వస్తే మొదట ఆమె ఒళ్ళు ఝల్లుమంటుంది, ఇరవయ్యేళ్ళ పిల్లయిపోతుంది. మరుక్షణంలో తలలు ఊపుతూ కక్కుకుంటున్న పురుగులు కనిపిస్తాయి, వాటి వెనక బస్సు కిటికీలోంచి చూస్తున్న వదిన కనిపిస్తుంది. ఒకటి లేకుండా ఇంకొకటి రాదు. ప్రేమను తలుచుకోవాలంటే పాపాన్ని కూడా తలుచుకోవాలి. కాబట్టి ఆమె రెండూ తలుచుకోవడం మానేసి చేతులు కడుక్కోవడం నేర్చుకుంది. ఇప్పుడు ఆయన చచ్చిపోయి, ఆ వాసనగా తిరిగొచ్చి, తన ఇంట్లోనే తనను గడప దాటనివ్వడం లేదు.

నరసింహప్ప పోయి చెప్పిరమ్మన్న మర్నాడు పొద్దున్నే బాగేపల్లికొచ్చి, వదిన ఊరు చింతామణికి బస్సెక్కింది. ఆధార్ కార్డు చూపించి ఉచిత టికెట్టు తీసుకుని కిటికీ పక్కన కూర్చుంది. చేలూరు దాటే దాకా ఏం చెప్పాలో మనసులో కూర్చుకుంటూనే ఉంది. చెప్తే తిట్టొచ్చు, కొట్టొచ్చు, వాకిట్లోంచే పొమ్మనొచ్చు. ఏదైనా సరే, ఆ దెబ్బ తిని ఇంటికి పోతే పురుగుల ఇంట్లోకి అడుగు పెట్టగలనని ఆమె ఆశ.

బస్టాండులో అడిగితే మునిరత్నమ్మ పిండి మర ఎవరైనా చూపిస్తారని చుట్టాల నోట ఎప్పుడో విన్నది. నిజంగానే చూపించారు. సందులో చిన్న రేకుల గది, ముందు వరసగా రాగుల డబ్బాలు, లోపల మర హోరు. కనుబొమల దాకా పిండి పట్టిన ఒక మనిషి తొట్టిలో రాగులు పోస్తోంది. తల ఎత్తి చూసింది. ఒక్క క్షణం చూసి, స్విచ్చు ఆపింది.

"హేమా గదా?" అంది. "యాడ తిరిగొస్తాండావు తల్లీ, ఇంత దూరం?"

మునిరత్నమ్మ ముఖం తుడుచుకుని, వెనక గదిలో చాప వేసి, మజ్జిగ తెచ్చిచ్చింది. పురుగులు ఎట్లున్నాయి, పిల్లలెంతమంది అని అడిగింది. పెళ్ళి మళ్ళీ చేసుకోలేదని, మేనమామ పోతూ ఈ మర తన పేరిట రాసి పోయాడని, దీంతోనే జరిగిపోతోందని తన సంగతి తనే రెండు ముక్కల్లో చెప్పేసింది. ఆ ఇంటి మీద నిష్ఠూరం ఒక్కటీ ఆడలేదు. ఆడి ఉంటే హేమావతికి చెప్పడం సులువయ్యేది.

అయినా చెప్పింది. కుట్టు క్లాసు నుంచి మొదలుపెట్టి, బస్సు, ద్రాక్ష గుత్తి, మోటారు గది, నీలం చొక్కా, నీళ్ళ కుండ, అన్నీ చెప్పింది. ఎక్కడా తనను వెనకేసుకు రాలేదు. చెప్తున్నంతసేపూ నేల చూస్తూనే ఉంది. మునిరత్నమ్మ మధ్యలో ఒకే ఒక్క మాట అడిగింది.

"కుండ దాకా పోయి ఏమిటికి కడుక్కోలేదు?"

"ఆయన పట్టుకునింది పోతాదని," అంది హేమావతి.

బయట ఎవరో డబ్బా పెట్టి పేరు చెప్పి పోయారు. తిట్టు కోసం హేమావతి ఎదురుచూసింది. అది రాలేదు. తలెత్తి చూస్తే, పిండి మరకల మధ్య ఆ ముఖం మెల్లమెల్లగా వెలుగుతోంది. ఆ వెలుగు ఎందుకో అర్థంకాక హేమావతికి భయమేసింది.

"అయితే మీ అన్నకు ఇది తెలీదు," అంది మునిరత్నమ్మ.

తెలియదని హేమావతి చెప్పింది. అప్పుడు మునిరత్నమ్మ మనసు విప్పింది. తాను బస్సెక్కిన రోజు పురుషోత్తమ్ వసారాలో స్తంభం పట్టుకుని నిలబడి ఉన్నాడట. కళ్ళల్లో నీళ్ళు తిరిగాయట. అది ఆమె ఒక్కతే చూసిందట. అమ్మ మాట కాదనలేక, కళ్ళ ముందు చచ్చిన పురుగులను చూసి, నమ్మలేక నమ్మాడు పాపం అనుకుంది. ఆయనను ఒక్కనాడు కూడా తిట్టుకోలేదు. ఎనిమిది నెలలే చేసినా మంచి కాపురం. సంత నుంచి వస్తూ ఎవరూ చూడకుండా తలుపు సందులోంచి మల్లెపూల పొట్లం అందించేవాడు. పురుగుల ఇల్లున్న కొంపలో పూలు పెట్టుకోకూడదని, అందరూ పొలం పోయాక ఆ పూలను దోసిట్లో పోసుకుని వాసన చూసి పెరట్లో పారేసేది. రెండో పెళ్ళి చేసుకున్నాడని విన్నప్పుడు కూడా, మోసపోయినవాడు ఏం చేస్తాడులే అనే అనుకుంది. వేరే సంబంధాలు వచ్చినప్పుడు అందుకే వద్దంది. ఏదో ఒకనాడు నిజం తెలుస్తుంది, తెలిసిననాడు ఆయన తలుచుకుని బాధపడతాడు. ఆ ఒక్కటీ ఆమెకు చాలు. తిరిగి రమ్మనడానికి కాదు, పోవడానికి కాదు.

"ఫోన్ చెయ్ హేమా," అంది. "స్పీకర్ పెట్టి చెప్పు. నేను ఉండానని చెప్పొద్దు, నేను మాట్లాడను. ఆయన నోట అయ్యో అని ఒక్క మాట వింటే చాలు నాకు."

అది కాదనగలిగే మాట కాదు. హేమావతి ఇవ్వగలిగింది ఈ లోకంలో అదొక్కటే. నెంబరు నొక్కి, ఫోన్ చాప మీద ఇద్దరి మధ్య పెట్టింది. పురుషోత్తమ్ తోటలో ఉన్నట్టున్నాడు, డ్రిప్ పైపు పట్టుకోమని ఎవరికో చెప్తూ ఎత్తాడు. చెల్లెలు కదా, సంతోషంగానే పలకరించాడు. మునిరత్నమ్మ పమిట సర్దుకుంది. ఇరవై ఎనిమిదేళ్ళ తరవాత ఆ గొంతు వింటోంది.

హేమావతి రెండోసారి చెప్పింది. ఈసారి త్వరత్వరగా, తెగించి చెప్పింది. ఆనాడు పురుగులు చచ్చింది వదిన వల్ల కాదన్నా, నా చేతుల వల్ల, అమరనాథ్ అని ఒక పిల్లాడు తోటకు మందు కొడతా నా చేతులు పట్టుకున్నాడు, నేను కడుక్కోకుండా ఆకు వేసినా అని చెప్పింది. చెప్పి ఆగింది. అవతల గాలి చప్పుడు, పైపులో నీళ్ళ చప్పుడు. మునిరత్నమ్మ ఫోన్ మీదికి వంగింది.

"తెల్సులేమ్మా," అన్నాడు పురుషోత్తమ్.

అవతల ఆయన చెప్పుకుంటూ పోయాడు.

"ఆ అబ్బి నాలుగోనాడే వచ్చి నాతో చెప్పినాడు. పురుగులు పోయినాయని టౌన్లో విన్నాడంట. నా చొక్కా మందు వల్లనే అయింటాది, మీ ఇంటి ఆయమ్మను ఏమీ అనొద్దండి, హేమను నాకిచ్చి పెండ్లి చేయండి అని చేతులు పట్టుకునె. నేనే కొట్టి పంపిస్తి, మల్ల ఈ పక్క కనపడొద్దని. ఏం చేయల్ల మరి? నీ పెండ్లి కుదురుతాండె. మాట బయట పడితే నిన్ను చేసుకునేదెవురు? ఆయమ్మకైతే పుట్టినిల్లుంది, యాడో ఒగచోట బతుకుతాదిలే అనుకొంటి. ఇప్పుడేమిటికి అదంతా తవ్వేది? నువ్వు నెమ్మదిగా ఉండు."

ఇంకా ఏదో అంటున్నాడు. మునిరత్నమ్మ చెయ్యి చాపి ఫోన్ ఆపేసింది. ఏ బటన్ నొక్కాలో తెలియక రెండుమూడు నొక్కితే ఆగింది. పిండి వేలిముద్రలు తెర మీద మిగిలాయి.

పుణ్యానికి పోతే పాపం ఎదురైనట్టు అయింది. ఇప్పుడు హేమావతి ఏమనాలి? క్షమించమందామా? దేనికని? ఇరవై ఎనిమిదేళ్ళ కిందట చెప్పనందుకా, ఈ రోజు చెప్పినందుకా?

"నాలుగోనాడు," అంది మునిరత్నమ్మ. వేళ్ళు మడిచి లెక్కపెట్టుకుంది. "నేను బస్సెక్కింది ఆరోనాడు." మడిచిన వేళ్ళు విప్పి మళ్ళీ అంది. "స్తంభం పట్టుకుని ఏడ్చింది అందుకా?"

"వదినా..."

"ఇన్ని దినాలు ఆ మనిషి మింద నాకు కోపం లేకుండె హేమా. నీ మింద గూడా లేదు. నువ్వు పిల్లవి, భయపడినావు. ఇంగ ఈ వయసులో ఈ కోపం యాడ పెట్టుకొనేది నేను?"

హేమావతి ఏడ్చింది. ఆమె పాదాల మీద చేతులు పెట్టబోతే మునిరత్నమ్మ కాళ్ళు వెనక్కి తీసుకుంది. విదిలించినట్టు కాదు, అలసిపోయినట్టు. లేచి కొంగు దులుపుకుని, గోడకు ఆనుకుని నిలబడింది.

"నీవాడు వచ్చి అడిగినాడంట," అంది. "దెబ్బలు తిన్నాడు గాని వచ్చినాడు. నీది నీకు దొరికె. నాది ఈ పొద్దు పోయె."

ఆ మాటలో ఎత్తిపొడుపు లేదు. ఉన్నదున్నట్టు అంది. అని ముందు గదిలోకి పోయి స్విచ్చు వేసింది. మర హోరుమంది. ఆగిపోయిన డబ్బా రాగులు తొట్టిలోకి ఎత్తి పోసి, కింద పడే పిండిని చేత్తో తడిమి చూస్తూ నిలబడింది. వీపు ఇటువైపు ఉంది. ఏడుస్తోందో లేదో ఆ హోరులో తెలియడం లేదు.

హేమావతి చాప మీద నుంచి లేవలేకపోయింది. ఎదుట ఆ వీపు, చెవుల్లో అన్న గొంతు, అన్నిటికీ అడుగున ఒకే మాట కొట్టుకుంటోంది. వచ్చాడు. పిరికివాడు కాదు, వచ్చాడు, అడిగాడు. ఇంత పాపం మధ్యలో కూర్చుని, ఆ ఒక్క మాటకు తన గుండె ఇరవయ్యేళ్ళ పిల్ల గుండెలా కొట్టుకుంటుంటే ఆమెకు తన మీద తనకే అసహ్యం వేసింది. అసహ్యం వేసినా సంతోషం ఆగలేదు.